బంగారు గరిటె గ్రహీతకు అభినందనలు

విహారయాత్రకు బయలుదేరిన స్త్రీకి చూడదగిన స్థలం వంటిల్లు ఒక్కటే!

కోటలు, మ్యూజియములు, సముద్రతీరాలు ఆమెను తికమక పెడతాయి. ఎక్కడ నిలబడాలో, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియదు. అదే స్త్రీని ఒక పొయ్యి ముందు నిలబెట్టి చూడండి! ముఖం తేటపడుతుంది, నడుము వంగుతుంది, చేతులకు పని దొరుకుతుంది. పరాయి దేశంలో ఉన్నానన్న బెంగ నిమిషంలో మాయమవుతుంది. ఇంతటి ఓదార్పు ఏ పర్వతశిఖరం ఇవ్వగలదు?

ఈ సత్యాన్ని నేను కనుగొన్నానని చెప్పుకోను. ఒకరి ఘనతను మరొకరు తీసుకోవడం నాకు గిట్టదు. ఆ విషయానికి మళ్ళీ వస్తాను.

కనుగొన్నవారు మా మరిదిగారు, అనగా మా చెల్లెలి భర్త. ఆయన ఆఫీసు నుంచి రిటైరయ్యారు. పూలదండ వేశారు, ఉపన్యాసాలు చేశారు. ఆ సంతోషంలో భార్యనూ, ఒంటరిదాన్ని గనుక నన్నూ విహారయాత్రకు తీసుకువెళ్ళారు. మా చెల్లెలు దేని నుంచీ రిటైరు కాలేదు గనుక ఆమె కోసం ఏ సభా జరగలేదు. ఇందులో అన్యాయమేమీ లేదు. సభ జరపాలంటే పని ఆగాలి కదా!

ప్రయాణానికి ముందు, పెట్టె సర్దుతుండగా, నేను ఆమెను అడిగాను.

"అక్కడ నీకేం చూడాలని ఉందే?"

"ఏమీ చూడక్కర్లేదక్కా. ఎవరైనా వండి, వేడివేడిగా నా ముందు పెడితే, కూర్చుని తినాలనుంది. మధ్యలో లేవకుండా."

పాఠక మహాశయులారా, ఈ కోరికను గుర్తుంచుకోండి. ఎంత విడ్డూరమైన కోరిక! దేశాలు దాటి వెళుతూ, కుర్చీలో కూర్చోవాలని కోరుకున్న మనిషిని మీరెక్కడైనా చూశారా?

హోటళ్ళలో ఆ కోరిక తీరుతుందని ఆమె అనుకుంది. హోటళ్ళలో బఫే ఉంటుందని ఆమెకు తెలియదు. బఫే అనగా ఎవరి కంచం వారు పట్టుకుని, ఎవరికి కావలసింది వారు తెచ్చుకొను పద్ధతి. మా చెల్లెలు రెండు కంచాలు పట్టుకుంది. ఒకటి మరిదిగారి ముందు పెట్టి, రెండోది కింద పెట్టబోతుండగా ఆయన, "ఏమోయ్, ఆ రొట్టె ఇంకోటి. ఈసారి కాస్త ఎర్రగా కాల్చమను," అనేవారు. ఆమె తిరిగివచ్చేసరికి కాఫీ గుర్తుకొచ్చేది. ఆమె కంచం మాత్రం పారిపోకుండా బుద్ధిగా చల్లారుతూ ఉండేది.

ఇట్లా కొన్నాళ్ళు గడిచాక, ఒక సాయంత్రం మరిదిగారు లాబీలో చేతులు రుద్దుకుంటూ వచ్చారు.

"ఏమోయ్! రేపు నీకో సర్‌ప్రైజు!"

"ఏంటండీ?"

"వంట క్లాసు! ఇటాలియన్! స్మాల్ గ్రూపు. ఎనిమిది మందిని మించి తీసుకోరట. ఆఖరి సీట్లు మనకే దొరికాయి!"

చెల్లెలు ఆయన వంక చూసింది. "నేను వంట మానుకుని వచ్చానండీ."

"అబ్బ, ఇది వంట కాదే బాబూ! ఎక్స్‌పీరియన్సు!"

ఈ తేడాను నేను చాలాసేపు ఆలోచించి గ్రహించాను. పిండి అదే, నీళ్ళు అవే, పొయ్యి అదే. కానీ ఇంట్లో చేస్తే వంట. డబ్బు కట్టి, దిగుమతి ఏప్రన్ తొడుక్కుని, ఫోటో తీయించుకుంటూ చేస్తే ఎక్స్‌పీరియన్సు. నిత్యం చేస్తే పని, ఒక్కరోజు చేస్తే కళ. ఒకరోజు వండిన మగవాడు మనకు ఏళ్ళ తరబడి ఆ రోజు గురించి చెబుతాడు. ఏళ్ళ తరబడి వండిన ఆడది ఏ ఒక్కరోజు గురించీ చెప్పదు. చెప్పడానికి ఏ రోజని ఎంచుకుంటుంది పాపం!

ఇంత మంచి ఆలోచన వంటతోనే ఆగిపోవడం నాకు బాధగా ఉంది. పర్యాటక సంస్థలవారు బట్టలుతికే ఎక్స్‌పీరియన్సు ఎందుకు పెట్టకూడదు? ఎనిమిది మందికి మించని బృందం, చేతితో చేసిన సబ్బు, అసలైన మురికి! అంట్లు తోమే ఎక్స్‌పీరియన్సు, సూర్యాస్తమయాన్ని చూస్తూ! ఇల్లు తుడిచే ఎక్స్‌పీరియన్సుకు మోకాళ్ళ నొప్పులున్న స్త్రీలకు ప్రత్యేక రాయితీ!

ఈ సమానత్వం పురుషులకూ దక్కాలని నా కోరిక. మా టూరు బృందంలో ఒక పళ్ళ డాక్టరుగారు ఉన్నారు. క్లాసుకు వెళ్ళే బస్సులో ఆయనతో అన్నాను కూడా.

"డాక్టరుగారూ, మీకూ ఒక సర్‌ప్రైజు ఏర్పాటు చేయిద్దామా? ఈ ఊరివాళ్ళ పళ్ళు పీకవచ్చు. చిన్న బృందం, ఎనిమిది నోళ్ళకు మించకుండా."

ఆయన అదిరిపడ్డారు. "అదేంటండీ! నేను సెలవులో ఉన్నాను!"

"ఇది పని కాదండీ. ఎక్స్‌పీరియన్సు."

ఆయన ఆ తరువాత దిగేదాకా కిటికీలోంచే చూశారు.

క్లాసు జరిగేది ఒక పాత భవనం కింది అంతస్తులో. మధ్యలో పొడవైన చెక్కబల్ల, గోడకు రాగి గిన్నెలు, కిటికీలో ఆకుకూరల కుండీలు. షెఫ్‌గారు యువకుడు, అందగాడు. నేను కాన్వెంటులో చదివినదాన్ని గనుక మొదట ఆయన గోళ్ళు చూశాను. శుభ్రంగా ఉన్నాయి. ఆయన పాఠానికి కూర్చోవచ్చుననిపించి, నేను గోడ పక్కన స్టూలు మీద కూర్చున్నాను. మోకాళ్ళ కారణంగా నన్ను ప్రేక్షకురాలిగా చేర్చుకున్నారు. ఇది ఎంత మంచిదయిందో మీకే తెలుస్తుంది.

షెఫ్‌గారు ఆయన భాషలో చెప్పడం, మా టూర్ గైడు దాన్ని తెలుగులో చెప్పడం. ఈ వంటలన్నీ తన అమ్మమ్మవి అన్నారు షెఫ్‌గారు. ఈ బల్ల అమ్మమ్మది, ఈ అప్పడాల కర్ర అమ్మమ్మది, పిండి కలిపే పద్ధతి అమ్మమ్మది. వీధి తలుపు మీద బోర్డు మాత్రం ఆయనది. బొమ్మ కూడా ఆయనదే.

అమ్మమ్మగారికి అన్యాయం జరిగిందని అనకండి. గోడ నిండా ఆమె ఫోటోలే! నా స్టూలు వాటి పక్కనే గనుక ఒక్కొక్కటీ శ్రద్ధగా చూశాను. ఒకదానిలో ఆమె కుటుంబమంతా బల్ల చుట్టూ కూర్చుని ఉంది, వెనుక ఆమె గిన్నె పట్టుకుని నిలబడి ఉంది. మరొకదానిలో పెళ్ళివిందు, తలుపు దగ్గర ఆమె నిలబడి ఉంది. ఇంకొకదానిలో పిల్లలు తింటున్నారు, పొయ్యి ముందు ఆమె నిలబడి ఉంది. ముసలితనంలో తీసిన ఫోటోలో ఒక చేత్తో బల్ల అంచు పట్టుకుని నిలబడి ఉంది.

ఇక పాఠం. బల్ల మీద పిండిని కుప్పగా పోసి, మధ్యలో గుంట చేసి, ఆ గుంటలో గుడ్లు కొట్టి పోయాలి. ఫోర్కుతో గుండ్రంగా తిప్పుతూ చుట్టూ ఉన్న పిండిని కొద్దికొద్దిగా లోపలికి లాగాలి. తరువాత మెత్తబడేదాకా పిసికి, ఆరిపోకుండా తడిబట్ట కప్పి కాసేపు వదిలేయాలి. తడిబట్ట తలా ఒకటి ఇచ్చారు. "ఎవరి పిండి వారే చూసుకోవాలి, సాయాలు వద్దు" అని షెఫ్‌గారి ఆజ్ఞ. చివరలో ఉత్తమ విద్యార్థికి బహుమతి కూడా ఉందన్నారు: ఎర్ర రిబ్బను కట్టిన బంగారు రంగు గరిటె!

షెఫ్‌గారు చీజు తేవడానికి లోపలి గదిలోకి వెళ్ళారు. ఆ సమయానికే మా మరిదిగారి పిండిగోడకు గండిపడింది. గుడ్డుసొన బల్ల అంచు దాటి ఆయన బూటు మీద పడింది.

"ఏమోయ్!" అన్నారాయన.

వివాహిత పాఠకులకు ఆ పిలుపును నేను వివరించనక్కర లేదు.

చెల్లెలి పిండి అప్పటికే కలపడం అయిపోయింది. ఉండ నున్నగా ఉంది. తడిబట్ట కప్పబోతూ ఆగింది. "ఉండండి, ఉండండి, ఇలా ఇవ్వండి," అంటూ ఆయన చోటికి జరిగి, చెదిరినదంతా అరచేతితో దగ్గరకు తీసి, ఆ ముద్దకు ప్రాణం పోసింది. మరిదిగారు ఊరికే ఉన్నారనుకోకండి. తనకిచ్చిన తడిబట్టతో బూటు తుడుచుకున్నారు. డాక్టరుగారు కెమెరా ఎత్తగానే భార్య చేతులను పక్కకు జరిపి, తన చేతులు పిండి మీద పెట్టి నవ్వారు.

ఆయన పిండి కప్పడానికి బట్ట లేదు. బూటు తుడిచిన బట్ట తిండి మీద కప్పుతారా? అందుకని చెల్లెలు తన బట్ట తీసి ఆయన పిండి మీద కప్పింది. తన పిండిని వట్టిగానే వదిలేసింది. మూలనున్న ఓవెన్ వేడిగాలి సరిగ్గా దాని మీదికే వస్తోంది.

తరువాత ఏం జరిగిందో మీరు ఊహించగలరు. ఉండలను పలుచగా వత్తి, పాస్తా రిబ్బన్లుగా కోసే సమయానికి చెల్లెలి పిండి పైన చెక్కు కట్టింది. షెఫ్‌గారు ఒక రిబ్బను పట్టి పైకెత్తారు. అది తుంపులై బల్ల మీద పడింది. ఆయన జాలిగా తల ఊపి ఏదో అన్నారు.

"మేడమ్‌గారు ఇంకొంచెం ప్రాక్టీసు చేయాలట," అన్నాడు గైడు.

అందరూ నవ్వారు. మా చెల్లెలు కూడా నవ్వింది.

మరిదిగారి రిబ్బను మాత్రం పట్టులా జారింది. షెఫ్‌గారు తన వేళ్ళను ముద్దుపెట్టుకున్నారు. ఈ చేతులు పుట్టుకతో వచ్చినవి, నేర్పితే రానివి అన్నారట. నిజమే! ఆ చేతులు పుట్టిన ఇంట్లోనే నేనూ పుట్టాను.

సాక్ష్యం చెప్పడానికి నేను స్టూలు మీద నుంచి లేచాను. చెల్లెలు వచ్చి నా మోచెయ్యి పట్టుకుంది.

"అక్కా, వద్దులే. చూడు, చిన్నపిల్లాడిలా ఎంత సంతోషపడుతున్నారో."

"అది నీ పిండే!"

"ఎవరిదైతే ఏం? ఇప్పుడు భోజనం పెడతారటక్కా. కూర్చుందాం రా."

ఆమె కళ్ళు బల్ల చుట్టూ వేస్తున్న కుర్చీల మీదనే ఉన్నాయి. నేను ఆమె వెంట బల్ల దగ్గరకు నడిచాను.

బల్ల మీద తెల్లబట్ట పరిచారు. అందరి పాస్తా ఉడికించి, టమాటా గుజ్జు కలిపి, ఆవిర్లు కక్కే పెద్ద పళ్ళెం మధ్యలో పెట్టారు. తుంపులైన చెల్లెలి పాస్తా మాత్రం వేరే గిన్నెలో వచ్చింది. ఆమె నిజంగానే కుర్చీలో కూర్చుంది. న్యాప్‌కిన్ ఒళ్ళో పరుచుకుంది. అంతలో మరిదిగారు, "ఏమోయ్, ఆ పళ్ళెం ఇటు అందటం లేదు," అన్నారు.

ఆమె లేచింది. లేచింది గనుక డాక్టరుగారికీ వడ్డించింది. ఆయనకు వేసింది గనుక పక్కనున్న కొత్త దంపతులకూ వేసింది. షెఫ్‌గారు ఆనందంతో చప్పట్లు కొట్టారు.

"అచ్చం మా అమ్మమ్మేనట!" అన్నాడు గైడు.

అందరూ చప్పట్లు కొట్టారు. ఫోటో తీశారు. ఆ ఫోటో ఇప్పుడు నా దగ్గర ఉంది. అందరూ కూర్చుని ఉన్నారు, మా చెల్లెలు గిన్నె పట్టుకుని నిలబడి ఉంది. ఆ గోడ మీద పెడితే ఎవరి అమ్మమ్మో ఎవరూ పోల్చుకోలేరు.

ఆమె తిరిగి కూర్చునేసరికి పళ్ళెం ఖాళీ. తన తుంపుల గిన్నె మిగిలింది, అదీ చల్లారిపోయి.

అప్పుడు నేను గైడును పిలిచాను. "షెఫ్‌గారిని ఒక ప్రశ్న అడుగు బాబూ. వాళ్ళ అమ్మమ్మ కూర్చుని తింటున్న ఫోటో ఒక్కటైనా ఉందా?"

"ఎందుకండీ పెద్దమ్మగారూ, బాగోదేమో…"

"అడుగు."

అడిగాడు. షెఫ్‌గారు గోడవైపు తిరిగి ఒక్కొక్క ఫోటోనే చూశారు. చాలాసేపు చూశారు. ఆయన జవాబును గైడు తెలుగులో చెప్పాడు.

"ఆవిడ కూర్చుంటే మరి వడ్డించేదెవరు అంటున్నారండీ."

ఆ తరువాత బంగారు గరిటెను మా మరిదిగారికి బహూకరించారు.

పాఠకులారా, నేను అప్పీలుకు వెళ్ళి ఉండవలసిందని మీలో కొందరు అంటారు. కాన్వెంటులో మా మదర్ సుపీరియర్ మాకు ఒక పద్ధతి నేర్పారు. తప్పుడు తీర్పు వచ్చినప్పుడు దానిని ఎదిరించవద్దు. అక్షరం పొల్లుపోకుండా అమలు చేయండి, తీర్పు పొందినవారే వచ్చి మొరపెట్టుకుంటారు. ఆమె ఈ పద్ధతితో మా తరగతి మొత్తాన్ని దారిలో పెట్టారు.

ఇంటికి వచ్చాక గరిటె ముందుగది షోకేసులోకి ఎక్కింది. వచ్చినవారందరికీ మరిదిగారు దాని చరిత్ర చెప్పారు. చెప్పిన ప్రతిసారీ పిండిగుట్ట పెరుగుతూ, షెఫ్ వయసు పెరుగుతూ, పోటీదారుల సంఖ్య పెరుగుతూ పోయింది. ఒకనాడు ఆయన అక్కగారు, అనగా మా చెల్లెలి ఆడపడుచు, చూడవచ్చారు.

"మా తమ్ముడు చిన్నప్పట్నుంచీ అంతేనమ్మా, ఏది పట్టినా ఫస్టే!" అన్నారావిడ గరిటెను తిప్పి చూస్తూ. "మరి నీకేమిచ్చారు?"

"ప్రాక్టీసు చేయమన్నారు వదినా," అంది చెల్లెలు.

నేను గొంతు సవరించుకున్నాను.

"మరిదిగారూ, ఆదివారం మధ్యాహ్నం మా అందరికీ ఆ వంట మీరే చేసి పెట్టాలి. గరిటె పొందినవారు ఇంట్లో ఉండగా, ప్రాక్టీసు చాలని మనిషి చేత వండించడం నాకు న్యాయంగా తోచడం లేదు."

ఆయన ముఖంలో నవ్వు కొంచెం జరిగింది. "అయ్యో వదినగారూ, అదేదో సరదాకి…"

"సరదాకి ఇచ్చినదైతే షోకేసులో ఎందుకుందండీ?"

"చెయ్యరా తమ్ముడూ!" అన్నారు ఆయన అక్కగారు. "ఇంత విద్య పెట్టుకుని ఇన్నాళ్ళూ దాచావేంట్రా? నేనూ వస్తాను ఆదివారం!"

ఆదివారం వచ్చింది. గరిటెను నేనే స్వయంగా షోకేసులోంచి తీసి, వంటింట్లో పొయ్యి పక్కన మేకుకు తగిలించాను. మేము ముగ్గురం ఆడవాళ్ళం భోజనాల బల్ల దగ్గర కూర్చున్నాం. తలుపు దగ్గరగా వేశాను.

లోపలి నుంచి వార్తలు వస్తూనే ఉన్నాయి.

"ఏమోయ్, పిండి ఎక్కడ?"

"పైఅర, ఎడమవైపు డబ్బా అండీ!"

"ఎడమ అంటే ఎవరికి ఎడమ?"

ఏదో పెద్దది కింద పడింది. చెల్లెలు కుర్చీ వెనక్కి జరిపింది.

"కూర్చో," అన్నాను.

కూర్చుంది. కానీ ఆమె వేళ్ళు బల్లగుడ్డను కూడదీసి, అరచేతితో ఒత్తి, మడిచి, మళ్ళీ ఒత్తుతున్నాయి. తనకు తెలియకుండానే బల్లగుడ్డను పిసుకుతోంది!

"చేతులు ఒళ్ళో పెట్టుకో," అన్నాను. మా మదర్ సుపీరియర్ గొంతు నాలోంచి ఇంత చక్కగా వస్తుందని నేనే అనుకోలేదు.

కొంతసేపటికి తలుపు తెరుచుకుంది. బంగారు గరిటె గ్రహీత గుమ్మంలో నిలబడ్డారు. మోచేతుల దాకా పిండి, కనుబొమ్మల మీద పిండి, చెవి వెనుక గుడ్డుపెంకు.

"ఏమోయ్, ఒక్కసారి ఇటొచ్చి చెయ్యి పెట్టు. ఒక్క నిమిషం."

చెల్లెలు సగం లేచింది. నా వంక చూసింది. ఆమె తనంతట తానే కూర్చుంది.

మరిదిగారు ఆమె వంక, తన అక్కగారి వంక, చివరకు నా వంక చూశారు. గొంతు దిగిపోయింది.

"వదినగారూ, నిజం చెప్తున్నాను. ఆ రోజు ఆ పిండి నేను కలపలేదు. మీ చెల్లెలే కలిపింది. నా బట్ట పాడైతే తన బట్ట కూడా నా పిండికే కప్పింది."

"చూశాను," అన్నాను.

"చూశారా! మరి అప్పుడే చెప్పొచ్చు కదండీ!"

"చెబితే గరిటె దానికి ఇచ్చేవారు. దానికి ఇంట్లో గరిటెలు చాలానే ఉన్నాయి. వెళ్ళండి, పొయ్యి మీద నీళ్ళు మరుగుతున్నాయి."

ఆయన వెళ్ళారు. ఆయన అక్కగారు పమిట చెంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వు ఆపుకుంటున్నారు.

చివరకు వంటకం వచ్చింది. కొన్ని రిబ్బన్లు తాళ్ళలా, కొన్ని అట్టముక్కల్లా ఉన్నాయి. కానీ ఆవిర్లు కక్కుతున్నాయి. మరిదిగారు మొదటి కంచం భార్య ముందు పెట్టారు. ఆమె వెంటనే దాన్ని ఎత్తి ఆడపడుచు వైపు జరపబోయింది.

"అది నీ కంచమే," అన్నారు మరిదిగారు. నేను చెప్పకముందే అన్నారు. ఈ ఒక్క మాటకు నేను ఆయనకు మార్కులు వేశాను.

ఆమె ఒక ముద్ద నోట్లో పెట్టుకుంది. నిదానంగా నమిలింది. ఆయన గరిటె పట్టుకుని, పరీక్షా ఫలితాలకు నిలబడిన కుర్రాడిలా నిలబడ్డారు.

"ఉప్పెక్కువైందండీ," అంది.

ఆయన తల వంచుకున్నారు.

ఆమె కంచంలోది అంతా తినేసింది. లేవకుండా తింది. తరువాత కంచాన్ని ఆయన వైపు జరిపి, "ఇంకొంచెం వెయ్యండి," అంది.

కనుక విహారయాత్రలో వంట క్లాసులు మానవాళికి వరప్రసాదాలని నేను మరొకసారి మనవి చేస్తున్నాను. మీ ఇంటి పురుషులను తప్పక పంపండి. ఏదో ఒక బహుమతి సంపాదించుకుని రానివ్వండి. స్త్రీలకు మాత్రం ఆ సమయంలో ఒక కుర్చీ చూపించండి, చాలు.

గరిటె ఇంకా వంటింటి మేకుకే ఉంది. దాన్ని తిరిగి షోకేసులోకి మార్చడానికి అనుమతి కోరుతూ మరిదిగారు నాకు రెండు పర్యాయాలు విన్నవించుకున్నారు. ఆయన విన్నపం పరిశీలనలో ఉన్నది. పరిశీలన ప్రతి ఆదివారం మధ్యాహ్నం, భోజనాల వేళ జరుగుతుంది.